వెండి మేనికి వీడ్కోలు

మన సినిమా హాళ్ల ప్రొజెక్టర్ గదుల్లోంచి 35 ఎం.ఎం. ఫిలిం వెళ్లిపోయింది. దానికి ఒక ఒళ్లు ఉండేది. చేతిలోకి తీసుకుంటే ఒక వైపు అద్దంలా నున్నగా, రెండో వైపు మసకగా ఉండేది. ఆ మసక వైపు జెలటిన్ పూతలోనే బొమ్మ ప్రాణమంతా.

వెలుగు సోకిన వెండి లవణాలు ల్యాబులో రసాయన స్నానం చేసి, నల్లని వెండి రేణువులై నిలిచేవి. ఏ రెండు ఫ్రేముల్లోనూ రేణువుల అమరిక ఒక్క తీరున ఉండదు. అందుకే సెకనుకు 24 ఫ్రేములు సాగుతుంటే తెర మీద కదలని గోడ కూడా సన్నగా ఊపిరి తీస్తున్నట్టుండేది. ‘మాయాబజార్’ (1957)లో ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్‌ట్లే కురిపించిన వెన్నెల ఈ వెండి చలవే. రంగుల కాలం వచ్చాక, వెండి తన పని ముగించుకుని, రంగులకు చోటిచ్చి కడుగునీళ్లతో వెళ్లిపోయేది.

రెండున్నర గంటల బొమ్మకు 13,500 అడుగుల ఫిలిం. ఆ బరువంతా రేకు డబ్బాల్లో బస్సెక్కి ఊరూరికీ వెళ్లేది. రీలు ముగిసే ముందు తెర కుడి పైమూలన ఒక చుక్క మెరిస్తే ఆపరేటర్ రెండో ప్రొజెక్టర్ నడిపేవాడు; మరో చుక్కకు బొమ్మ అందులోకి మారేది. తెగినచోట బ్లేడుతో పూత గీకి, ఫిలిం సిమెంటు రాసి అతికేవాడు. ఆడిన ఆటల ఆనవాళ్లన్నీ ఫిలిం ఒంటిమీదే. పట్నంలో నిగనిగలాడిన ప్రింటు చిన్న ఊరి టాకీసుకు చేరేసరికి వానలో తడిసినట్టు గీతలతో వచ్చేది. తాను అరిగిపోతూ మనకు బొమ్మ చూపింది.

2000ల నడుమ డిజిటల్ ప్రదర్శన వచ్చింది. ప్రింట్ల ఖర్చు తప్పింది. పల్లెకూ తొలిరోజే కొత్త బొమ్మ అందింది. ఆ మేలు కాదనలేం. 2013లో ఫ్యూజీ కంపెనీ సినిమా చిత్రీకరణ ఫిలిం తయారీ ఆపేసింది. ఊటీలోని మన హిందుస్థాన్ ఫొటో ఫిల్మ్స్ కూడా మూతపడింది.

వెండి కోసమే పాత రీళ్లను కరిగించిన రోజులున్నాయి. తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ (1932) ప్రింటు ఒక్కటీ మనకు దక్కలేదు. మూతపడిన టాకీసులోనో, పాత గొడౌన్‌లోనో రీలు డబ్బా కనబడితే దయచేసి తూకానికి అమ్మకండి. పుణేలోని జాతీయ ఫిలిం ఆర్కైవ్‌కు కబురు చేయండి. ఆ డబ్బాలో ఉన్నది ఇంకెక్కడా మిగలని బొమ్మ కావచ్చు.