అయోనా ద్వీపపు పావురము: పునీత కొలంబా

ఏటా జూన్ 9వ తేదీన శ్రీసభ పునీత కొలంబాగారిని స్మరించుకుంటుంది. పునీత అంతోనివారు, చిన్న తెరేజమ్మ తెలిసినంతగా ఈయన మన ఇళ్ళలో తెలియరు. పునీతులంటే పుట్టుకతోనే మచ్చలేనివారని మీలో ఎవరైనా అనుకుంటుంటే, ఈ జీవితం మీరు తప్పక తెలుసుకోవాలి.

కొలంబా 521వ సంవత్సర ప్రాంతంలో ఐర్లండు ఉత్తర భాగాన డోనెగాల్ సీమలో జన్మించారు. తండ్రి ఫెడెల్మిడ్, తల్లి ఎత్నె. రాజవంశం. కత్తి పట్టి అధికారం కోసం పోటీపడగల పుట్టుక. అయినా ఆయన మఠం దారి పట్టారు. ప్రార్థన, చదువు, పవిత్ర గ్రంథాలకు నకళ్ళు రాయడం ఆయనకు ప్రాణం. జనం ఆయనను కొల్మ్ కిల్లె అన్నారు. శ్రీసభ పావురము అని ఆ మాటకు అర్థం.

కాని ఆ పావురం చుట్టూ నెత్తురు చిందింది. 561లో కుల్ డ్రెమ్నె అనే చోట ఆయన బంధువర్గం ఐర్లండు పెద్దరాజుతో యుద్ధం చేసి గెలిచింది. ఆ యుద్ధానికి కారణం ఒక పుస్తకమని తరువాతి తరాలవారు చెప్పుకున్నారు. ఫిన్నియన్ అనే గురువు దగ్గరున్న కీర్తనల గ్రంథాన్ని కొలంబా చాటుగా నకలు చేసుకున్నారట. నకలు ఎవరికి చెందాలన్న తగవు రాజు ముందుకు వెళ్ళిందట. తీర్పు కొలంబాకు వ్యతిరేకంగా వచ్చిందట. ఈ కథ ఆయన పోయిన ఎన్నో శతాబ్దాల తరువాత ప్రచారంలోకి వచ్చినది కనుక, నమ్మి తీరాలని నేను మిమ్మల్ని అడగను. కాని రెండు సంగతులు మాత్రం గట్టివి. యుద్ధం జరిగింది. అంతేకాదు, ఒక సభ ఆయనను శ్రీసభ నుండి వెలివేసింది. కారణం చిన్నదనీ, వెలి అన్యాయమనీ ఆయన జీవితచరిత్ర రాసిన అదోమ్నాన్ అంటారు. అన్యాయమని అన్నారే గాని, ఆ సంగతిని దాచలేదు. పునీతుని కథ రాసేటప్పుడు కూడా నిజం దాచకూడదని ఆయన మనకు నేర్పుతున్నారు.

యుద్ధమైన రెండేళ్ళకు, 563లో, పన్నెండుమంది సహచరులతో కొలంబా పడవ ఎక్కారు. అప్పటికి ఆయనకు నలభై దాటాయి. చనిపోయినవారెందరో అన్ని ఆత్మలను క్రీస్తు దగ్గరకు తీసుకురావాలన్న ప్రాయశ్చిత్తంతో వెళ్ళారని జనశ్రుతి. క్రీస్తు కోసం యాత్రికుడై వెళ్ళారని అదోమ్నాన్ మాట. ఏ మాట తీసుకున్నా, పుట్టిన ఊరు, బంధుబలం, పరువు వదులుకుని వెళ్ళారన్నది నిజం.

చేరిన చోటు స్కాట్లండు పడమటి తీరంలోని అయోనా ద్వీపం. పొడవు ఐదారు కిలోమీటర్లే ఉన్న చిన్న దీవి. అక్కడ మట్టికట్ట, కందకంతో ఆవరణ ఏర్పరచుకుని మఠం కట్టుకున్నారు. పొలం దున్నారు, పశువులను మేపారు, గ్రంథాలు రాశారు. అక్కడి నుండి ఉత్తరాన ఉన్న పిక్టుల రాజు బ్రైడీ దగ్గరకు సువార్త పట్టుకుని వెళ్ళారు. ఆయన తరువాత 635లో అయోనా నుండి వెళ్ళిన ఎయిడన్ లిండిస్‌ఫార్న్‌లో మఠం స్థాపించి ఉత్తర ఇంగ్లండుకు వెలుగు చూపించారు.

ఇల్లు వదిలినవాడు ఇంటిని మరచిపోయాడా? అదోమ్నాన్ ఒక ముచ్చట చెబుతారు. ఐర్లండు వైపు నుండి ఒక కొంగ అలసి సొలసి వచ్చి పడమటి ఒడ్డున వాలుతుందని కొలంబా ఒక మఠవాసికి ముందే చెప్పారట. దానిని ఎత్తుకుని తీసుకువెళ్ళి మూడు రోజులు మేపి ఆదరించమన్నారట. మన ఊరి పక్షి కదా అని ఆయన తపన. బలం పుంజుకున్న కొంగ తిరిగి ఐర్లండుకు ఎగిరిపోయింది. కొంగ ఇంటికి వెళ్ళింది. కొలంబా మాత్రం అయోనాలోనే ఉండిపోయారు.

597 జూన్ 8వ తేదీ. వృద్ధుడైన కొలంబా ధాన్యపు కొట్టును ఆశీర్వదించి తిరిగి వస్తూ దారి పక్కన కూర్చున్నారు. పాలకుండలు మోసే తెల్లగుర్రం వచ్చి ఆయన ఒడిలో తల పెట్టి కన్నీరు కార్చిందట. సేవకుడు దానిని తోలబోతే ఆయన వద్దన్నారు. ఆ సాయంత్రం గుడిసెలో కూర్చుని 34వ కీర్తన నకలు రాస్తూ సగంలో కలం ఆపి, మిగిలినది బైథీన్ రాస్తాడని చెప్పారు. బైథీనే ఆయన తరువాత మఠాధిపతి అయ్యారు. అర్ధరాత్రి గంట మోగగానే కొలంబా అందరికంటే ముందు గుడికి పరుగెత్తి, పీఠం ముందు ఒరిగి, జూన్ 9న ప్రాణం విడిచారు.

ఇదంతా భక్తుల ఊహ కాదా అని మీ పిల్లలు అడగవచ్చు. అడగనివ్వండి. అదోమ్నాన్ అయోనాకు తొమ్మిదవ మఠాధిపతి. కొలంబా పోయిన సుమారు నూరేళ్ళకు ఆయన చరిత్ర రాశారు. 713లో మరణించిన డోర్బెన్ అనే మఠవాసి రాసిన నకలు స్విట్జర్లండులో నేటికీ భద్రంగా ఉంది. కొలంబా ఎత్తైన చోట ఉన్న గుడిసెలో కూర్చుని రాసుకునేవారని ఆ గ్రంథం చెబుతుంది. అయోనాలో మఠాధిపతి గుట్ట అని పిలిచే ఒక చిన్న రాతిగుట్ట ఉంది. 1957లో చార్లెస్ థామస్ అనే పురావస్తు శాస్త్రజ్ఞుడు అక్కడ తవ్వి, కాలిపోయిన గుడిసె ఆనవాళ్ళు, బొగ్గు ముక్కలు తీశారు. ఆనాటికి కార్బన్ పరీక్ష ఇంకా బాల్యంలో ఉంది. ఆ బొగ్గు ఏళ్ళ తరబడి ఆయన గ్యారేజీలోనే ఉండిపోయింది. చివరకు గ్లాస్గో విశ్వవిద్యాలయం వారు పరీక్ష చేయించి 2017లో ఫలితం ప్రకటించారు. ఆ కట్టె 540కి, 650కి మధ్య కాలానిది. కొలంబా అయోనాలో జీవించిన సంవత్సరాలు ఆ నడుమనే ఉన్నాయి.

ఇక్కడ మనం జాగ్రత్తగా ఆలోచించాలి. ఆ గుడిసె కొలంబాదేనని బొగ్గుముక్క ప్రమాణం చేయదు. ఆయన పునీతుడని అంతకంటే చెప్పలేదు. విశ్వాసం కార్బన్ పరీక్ష మీద నిలబడదు. కాని పాత గ్రంథం చెప్పిన మాటకు నేల ఎదురుచెప్పలేదు. నిజాన్ని వెదకేవారిని చూసి విశ్వాసికి భయం ఎందుకు? సత్యం ఒక్కటే. దానిని పలుగుతో వెదికినా, ప్రార్థనతో వెదికినా చేరవలసిన చోటు ఒక్కటే.

వైకింగ్ దొంగలు 795 నుండి అయోనా మీద పడ్డారు. 806లో 68 మందిని చంపారు. అయినా ఆ దీవికి నేటికీ యాత్రికులు వెళ్తూనే ఉన్నారు.

ప్రియ పాఠకులారా, పొలం గట్టు తగాదాతో మాటలు మానుకున్న అన్నదమ్ములు ఒకే గుడిలో చెరో వైపు కూర్చుని దివ్యసత్ప్రసాదం అందుకోవడం మన విచారణలలో మీరు చూడలేదా? గెలిచినవాడికీ, ఓడినవాడికీ ఇద్దరికీ నిద్ర ఉండదు. కొలంబాగారి వర్గం యుద్ధంలో గెలిచింది. అయితే ఆయనను పునీతుని చేసింది ఆ గెలుపు కాదు. గెలిచిన చోటును వదిలి, చిన్న దీవిలో ముప్పైనాలుగేళ్ళు చేసిన సేవ. మీ ఇంట్లో అటువంటి తగవు ఉంటే, వచ్చే ఆదివారం పూజకు వచ్చేలోగా మొదటి అడుగు మీరే వేయండి. కొలంబాగారు ఆ అడుగు వేసేనాటికి నలభై దాటాయి. మీకూ ఆలస్యం కాలేదు.