సత్యభామ కృష్ణుడైన కథ

ఆంధ్ర నాటకరంగంలో సత్యభామ అంటే మా తాతల కాలం వాళ్ళకి ఒక మగవాడే గుర్తొస్తాడు. ఆయనే స్థానం నరసింహారావు గారు.

1902 సెప్టెంబరు 23న బాపట్లలో పుట్టారు. (అప్పుడది కృష్ణా జిల్లా, 2022 నుంచి బాపట్లే ఒక జిల్లా.) 1920లో ఆ వూళ్ళోనే హరిశ్చంద్ర నాటకం వేయబోతే చంద్రమతి వేషధారి రాలేదు. ఆ వేషం యీ కుర్రాడి మీద పడింది. కుటుంబ స్త్రీలు రంగస్థలం ఎక్కని రోజులవి. తర్వాత తెనాలి రామవిలాస సభలో చేరారు. మాధవపెద్ది వెంకట్రామయ్య, డాక్టర్ గోవిందరాజుల సుబ్బారావు వంటి వారి సరసన నిలబడటమంటే మాటలా!

ఆడవేషం అంటే చీర చుట్టుకుని సన్నగా మాట్లాడటం అనుకుంటాం మనం. కాలేజీ వార్షికోత్సవాల్లో మనం వేసే ఆడవేషాలు చూసి నవ్వేది అందుకే. స్థానం వారి సంగతి వేరు. శ్రీకృష్ణ తులాభారంలో సత్యభామ, సారంగధరలో చిత్రాంగి, విప్రనారాయణలో దేవదేవి, రోషనార, చింతామణి, కన్యాశుల్కంలో మధురవాణి - వీళ్ళలో ఏ యిద్దరిదీ ఒకే నడక కాదు. మహారాణి గర్వం వేరు, వేశ్య చమత్కారం వేరు. మాది వ్యవసాయ కుటుంబం. మిరపకాయ కోతల్లో పాతికమంది ఆడవాళ్ళు కొంగు నడుముకి బిగిస్తే, ఆ బిగింపు కూడా పాతిక రకాలుగా వుంటుంది. రోజూ చూస్తున్నా నేను పట్టించుకోలేదు. అలాంటివి పట్టించుకున్న మనిషి ఆయన. పైగా తులాభారంలో సత్యభామ గర్వమంతా వొలికే పాటను తానే రాసుకున్నారు. ఏ పాటో తెలుగువాళ్ళకి చెప్పనక్కర్లేదు.

ఇక సినిమా. 1942లో వై.వి. రావు గారు ‘సత్యభామ’ తీశారు. అందులో స్థానం వారున్నారు. కానీ సత్యభామ పుష్పవల్లి, ఆయన కృష్ణుడు! యిరవై ఏళ్ళుగా కృష్ణుణ్ణి కాళ్ళ దగ్గరకి రప్పించుకున్న మనిషి కిరీటం పెట్టుకుని అటువైపు నిలబడ్డారన్నమాట. దీన్ని అన్యాయం అనలేను. కెమెరా ముఖానికి జానెడు దూరంలోకి వస్తుంది, పైగా అప్పటికి తెర మీదకి స్త్రీలు వచ్చేశారు, రావాల్సిందే కూడా. పోయిందేమిటంటే, తెలుగుదేశం తెల్లవార్లూ మేలుకుని చూసిన ఆ సత్యభామ ఫిల్ము మీదకి ఎక్కలేదు. మా లాబ్‌లో రికార్డు రాయని ప్రయోగానికి మార్కులుండవు. ఆయన ప్రయోగం వేల కళ్ళ ముందు జరిగింది, ఆ కళ్ళు దాదాపు అన్నీ మూతపడ్డాయి. ఫొటోలున్నాయి, తన అనుభవాలతో ఆయన రాసిన ‘నటస్థానం’ వుంది. ఫొటోలో చూపు కనిపిస్తుంది గానీ నడక కనపడదు కదా.

గౌరవాలకి లోటు లేదు. 1956లో పద్మశ్రీ, 1961లో సంగీత నాటక అకాడమీ అవార్డు వచ్చాయి. 1966లో ‘శ్రీకృష్ణ తులాభారం’ సినిమాగా వస్తే జమున గారు సత్యభామ. స్థానం వారి పాటే అందులో పెట్టారు, సుశీల గారు పాడారు. అయిదేళ్ళకి, 1971 ఫిబ్రవరి 21న ఆయన కన్నుమూశారు.

మొన్న మా వూళ్ళో పెళ్ళిపందిట్లో మైకులో ఆ పాటే వచ్చింది. రాసిందెవరని నలుగురిని అడిగాను. ముగ్గురు సినిమా కవుల పేర్లు చెప్పారు. నాలుగో ఆయన, ఎనభై దాటిన రైతు, నా వంక ఎగాదిగా చూసి, సత్యభామే రాసుకుందిరా అన్నాడు.