నటగాయకుడు చిత్తూరు నాగయ్య

గుంటూరు మండలమున 1904లో జన్మించిన నాగయ్యగారు చిత్తూరు రామవిలాస సభ నాటకములందు పాడి, నటించి, ఆ యూరి పేరునే తమ పేరునకు ముందు నిలుపుకొనిరి.

1938లో ‘గృహలక్ష్మి’తో చలనచిత్ర రంగమున ప్రవేశించి, మరుసటి యేట ‘వందేమాతరం’ చిత్రమున నటించి, దానికి సంగీతమును కూర్చిరి. 1946 నాటి ‘త్యాగయ్య’కు నిర్మాత, దర్శకుడు, సంగీతకర్త, కథానాయకుడు వారే. పోతన, వేమన పాత్రలును వారికి శాశ్వత కీర్తి నార్జించిపెట్టినవి.

ఈ మువ్వురు మహనీయులును ధనమును తృణప్రాయముగా నెంచినవారు. తెరపై ధరించిన ఆ గుణమును నాగయ్యగారు నిజజీవితమునందును విడువలేదు. విశేషముగా నార్జించి, అడిగినవారికి లేదనక యిచ్చిరి. స్వంత చిత్రములందు నష్టపోయిరి. 1965లో పద్మశ్రీ పురస్కారము లభించినను, తుదినాళ్లలో చిన్న వేషములతో కాలము గడుపవలసివచ్చెను.

1973 డిసెంబరు 30న మదరాసులో కీర్తిశేషులైరి. నాటికి వారి చేతిలో ధనము లేదు. వారి గానము మాత్రము నేటికిని తెలుగువారి సొత్తు.