చిత్తూరు నాగయ్యగారి నటజీవితము

రాజు వేషము గట్టినవాడే గొప్ప నటుడనియు, తండ్రి వేషమో ముని వేషమో గట్టినవాడు తక్కువవాడనియు లోకులు తలంచుచుందురు. ఈ తలంపు సరికాదని తమ జీవితముచేతనే చూపినవారు కీర్తిశేషులు చిత్తూరు నాగయ్యగారు.

వీరి యింటిపేరు ఉప్పలదడియమువారు. 1904వ సంవత్సరము మార్చి 28వ తేదీన రేపల్లెలో జన్మించిరి. పెరిగినది చిత్తూరున. అచ్చటి రామవిలాస సభ నాటకములలో పాడి, నటించి పేరు గాంచుటచే ఆ యూరి పేరే వారి పేరునకు ముందు నిలిచినది. 1938లో హెచ్.ఎం. రెడ్డిగారి ‘గృహలక్ష్మి’లో తొలిసారి తెరపై కనిపించిరి. మరుసటి యేట బి.ఎన్. రెడ్డిగారి ‘వందేమాతరం’లో కథానాయకులైరి.

పిదప ‘భక్త పోతన’ (1943), ‘త్యాగయ్య’ (1946), ‘యోగి వేమన’ (1947) చిత్రములు వారి కీర్తిని శిఖరమున నిలిపినవి. ‘త్యాగయ్య’కు దర్శకత్వమును, సంగీతమును గూడ వారే సమకూర్చిరి. కదిరి చెంత కటారుపల్లెలో వేమన సమాధిని సేవించు మన సీమవారికి, ఆ యోగి నడచి వచ్చి పలుకరించినట్లే తోచెను. అక్షరము రానివారికిని ఆ మహాకవులు ఆత్మీయులైరి.

ఇట్లు నాయకులై వెలుగుచున్న దినములలోనే, 1941లో తమిళ చిత్రమగు ‘అశోక్‌కుమార్’లో త్యాగరాజ భాగవతారు కుణాలుడు కాగా, వీరు తండ్రియగు అశోకుని పాత్ర ధరించిరి. 1945 నాటి ‘మీరా’లో ఎం.ఎస్. సుబ్బులక్ష్మిగారి ప్రక్కన రాణాగా నటించిరి. పాత్రకు తగుదుమా యని చూచుకొనిరే గాని, పాత్ర పెద్దదా చిన్నదా యని కొలువలేదు.

వారి యింట పొయ్యి ఆరిన దినము లేదందురు. అడిగినవానికి లేదనుట వారెరుగరు. రాబడికి పద్దు గలదేమో గాని దానమునకు పద్దు లేదు. దానికి తోడు ‘నా ఇల్లు’ (1953), ‘రామదాసు’ (1964) మున్నగు స్వంత చిత్రములు నష్టమునే తెచ్చినవి. ఒకనాడు లక్షలు చూచిన చేతులు వట్టివైనవి.

అంతట, తమ యెదుట పెరిగిన నటులు నాయకులై యుండగా, వీరు వారికి తండ్రులుగను, గురువులుగను నటించిరి. ‘పాండురంగ మహాత్మ్యం’ (1957)లో పుండరీకుని తండ్రి వారే. దారి తప్పిన కొడుకువలన ఇల్లు విడిచిన ఆ వృద్ధుని మోమున కోపము గాక జాలి కానవచ్చుట చూచి కంట తడి పెట్టనివారు అరుదు. ‘లవకుశ’ (1963)లో వాల్మీకియు వారే. పోతనకు పలికిన కంఠమే, అదే శ్రద్ధతో, ఈ పాత్రలకును పలికినది.

1965లో భారత ప్రభుత్వము పద్మశ్రీ బిరుదముతో సత్కరించెను. ముప్పదియైదేండ్ల చిత్రజీవితము పిదప, 1973 డిసెంబరు 30వ తేదీన మద్రాసులో పరమపదించిరి. సంపద మిగులలేదు.

పోతనను గాని వేమనను గాని కన్నులార చూచినవారు లేరు. అయినను ఆ చిత్రములు చూచిన తరమువారు భాగవతమును, వేమన పద్యములను తెరచినపుడెల్ల నాగయ్యగారి ముఖమే వారి కన్నులకు గట్టుచుండెడిది.