సముద్రం మీద సమయాన్ని నిలబెట్టిన వడ్రంగి

ఇండియాకి ఫోన్ చేసేముందు అక్కడ టైమెంతయి ఉంటుందో లెక్కవేసుకోవడం ప్రవాసులందరికీ అలవాటే. ఆ చిన్న లెక్కలో భూగోళమే ఉంది. భూమి 24 గంటల్లో 360 డిగ్రీలు తిరుగుతుంది, అంటే గంటకు 15 డిగ్రీలు. భారత కాలమానం గ్రీనిచ్ కంటే ఐదున్నర గంటలు ముందు. అంటే దానికి ఆధారమైన రేఖాంశం గ్రీనిచ్‌కు తూర్పున 82½ డిగ్రీల దగ్గర ఉందన్నమాట. ఆ రేఖ మన కాకినాడ సమీపం నుంచే వెళుతుంది.

రెండు చోట్ల టైముల తేడా తెలిస్తే వాటి మధ్య తూర్పు పడమరల దూరం తెలుస్తుంది. మూడు వందల ఏళ్ళ క్రితం నడిసముద్రంలో నావికుడికి కావలసింది ఇదే. తానున్న చోట టైమెంతో సూర్యుణ్ణి చూసి చెప్పగలడు. బయల్దేరిన రేవులో ఆ క్షణాన ఎంతయిందో చెప్పే గడియారం మాత్రం లేదు. లోలకం గడియారం అలల ఊపుకి నిలిచేది కాదు. వేడికి లోహం సాగేది, చలికి ముడుచుకునేది, నూనె చిక్కబడేది. 1611 నుంచి మన మచిలీపట్నం రేవుకు వచ్చిన ఈస్టిండియా కంపెనీ ఓడలు కూడా తూర్పు పడమరల దూరాన్ని అంచనా మీదే లెక్కగట్టుకుంటూ వచ్చాయి.

1707 అక్టోబరులో నాలుగు బ్రిటిష్ యుద్ధనౌకలు దారి తప్పి సిల్లీ దీవుల రాళ్ళకు కొట్టుకుని మునిగాయి. పద్నాలుగు వందల మందికి పైగా చనిపోయారు. 1714లో బ్రిటిష్ పార్లమెంటు ఒక బహుమతి ప్రకటించింది. వెస్టిండీస్ దాకా వెళ్ళి రేఖాంశాన్ని అర డిగ్రీ లోపు తేడాతో చెప్పగలిగినవారికి 20,000 పౌండ్లు. అర డిగ్రీ అంటే రెండు నిమిషాలు. ఆరు వారాల ప్రయాణంలో రోజుకు మూడు సెకన్లకు మించి తేడా రాకూడదన్నమాట. అలాంటి గడియారం ఇంకా ఎవరూ చేయలేదని న్యూటన్ అంతటివాడే పార్లమెంటుకు చెప్పాడు.

దాన్ని చేసి చూపినవాడు జాన్ హారిసన్. 1693లో యార్క్‌షైర్‌లోని ఫౌల్బీలో వడ్రంగి కొడుకుగా పుట్టాడు. పెద్ద చదువు లేదు. ఎవరి దగ్గరా గడియారాల పని నేర్చుకోలేదు. తండ్రి వృత్తి చేసుకుంటూనే ఇరవై ఏళ్ళ వయసుకి కర్ర చక్రాలతో గడియారం చేశాడు. తర్వాత తమ్ముడు జేమ్స్‌తో కలిసి, నూనె అవసరమే లేని గడియారాలు చేశాడు. తనంతట తానే జిడ్డు ఊరే ఒక జాతి చేవకర్రను రాపిడి ఉండేచోట వాడాడు. ఇత్తడి, ఉక్కు వేడికి వేర్వేరుగా సాగుతాయి కాబట్టి, ఒకదాని సాగుడు మరొకదానితో సరిపోయేలా రెండింటి కడ్డీలనూ పక్కపక్కన అమర్చి లోలకం కట్టాడు. వేడయినా చలయినా దాని పొడవు మారదు.

1730లో లండన్ వెళ్ళి ఖగోళ శాస్త్రజ్ఞుడు హేలీని కలిశాడు. ఆయన గడియారాల నిపుణుడు జార్జ్ గ్రాహం దగ్గరికి పంపాడు. గ్రాహం అసూయపడలేదు సరికదా, డబ్బు అప్పిచ్చి ప్రోత్సహించాడు. 1735లో 34 కిలోల మొదటి సముద్ర గడియారం తయారైంది. మరుసటి ఏడు లిస్బన్ నుంచి తిరిగి వస్తూ, కనబడుతున్న తీరం అధికారులు అనుకుంటున్నది కాదని హారిసన్ చెప్పాడు. అతనే నిజమయ్యాడు. ఓడ వాళ్ళ లెక్కలో తేడా సుమారు అరవై మైళ్ళు!

మరొకరైతే వెంటనే బహుమతి పరీక్ష పెట్టమని అడిగేవారు. హారిసన్ మాత్రం బహుమతి కమిటీ ముందు నిలబడి తన యంత్రంలోని లోపాలు తానే చెప్పి, మరో గడియారానికి గడువు అడిగాడు. రెండోదాంట్లోనూ లోపం కనిపెట్టి దాన్ని పక్కన పెట్టేశాడు. మూడోదాని మీద పంతొమ్మిదేళ్ళు గడిపాడు. రెండు లోహాలు అతికించిన పట్టీ, ఇప్పటికీ యంత్రాల్లో తిరిగే రోలర్ బేరింగు ఆ శ్రమలోంచే పుట్టాయి. అంత చేశాక, పెద్ద యంత్రం కాదు, సెకనుకు ఐదుసార్లు కొట్టుకునే చిన్న గడియారమే సముద్రం ఊపును తట్టుకుంటుందని గ్రహించాడు. 1759లో పూర్తయిన నాలుగో గడియారం వెడల్పు 13 సెంటీమీటర్లే. అప్పటికి అతనికి అరవై ఆరేళ్ళు.

1761లో కొడుకు విలియం దాన్ని జమైకా తీసుకెళ్ళాడు. 81 రోజుల తర్వాత తేడా ఐదు సెకన్లు! కమిటీ అదృష్టమేనంది. 1764లో బార్బడోస్ ప్రయాణంలో 47 రోజులకు 39 సెకన్లు. అడిగినదానికంటే మూడు రెట్లు మెరుగు. అయినా 1765లో కొత్త షరతులు పెట్టారు. గడియారం విప్పి రహస్యం చెబితే సగమే ఇస్తామన్నారు. మిగతా సగానికి ఇతరులు కూడా దాన్ని తయారు చేయగలగాలి. చంద్రుణ్ణి చూసి రేఖాంశం కట్టే పద్ధతిని సమర్థించే మస్కెలిన్ అదే ఏడు రాజ ఖగోళ శాస్త్రజ్ఞుడై, ఆ హోదాలో కమిటీ సభ్యుడయ్యాడు. పోటీదారే తీర్పరి అయ్యాడని హారిసన్ కుమిలిపోయాడు.

ఆ షరతులో న్యాయం బొత్తిగా లేదనలేం. మా వృత్తిలో కూడా, రాసినవాడి కంప్యూటర్ మీద మాత్రమే నడిచే ప్రోగ్రాముని పూర్తయిందని ఎవరూ ఒప్పుకోరు. కానీ ఆట మధ్యలో నియమాలు మార్చడం, అదీ డెబ్భై దాటిన మనిషితో, అన్యాయమే. లార్కమ్ కెండాల్ అచ్చంగా అలాంటిదే చేసిచ్చాడు. కెప్టెన్ కుక్ 1772లో దాన్ని వెంట తీసుకెళ్ళి, మూడేళ్ళ తర్వాత దాన్ని మెచ్చుకుంటూ తిరిగొచ్చాడు. ఈలోగా హారిసన్ ఐదో గడియారం చేసి మూడో జార్జి రాజును ఆశ్రయించాడు. రాజే దగ్గరుండి పరీక్షించాడు. 1773లో పార్లమెంటు 8,750 పౌండ్లు ఇచ్చింది. బహుమతి గెలిచావన్న మాట మాత్రం కమిటీ ఎన్నడూ అనలేదు. 1776 మార్చి 24న హారిసన్ కన్నుమూశాడు.

చివరి రోజుల్లో అతను రాసిన పుస్తకంలో, వంద రోజులకు సెకను కూడా తప్పని లోలకం గడియారం తన పద్ధతిలో సాధ్యమని చెబితే లోకం నవ్వింది. అతని సూత్రాల ప్రకారం మన కాలంలో కట్టిన ఒక గడియారాన్ని గ్రీనిచ్‌లో సీలువేసిన పెట్టెలో పెట్టి పరీక్షించారు. 2015లో ఫలితం వచ్చింది. వంద రోజుల్లో తేడా ఒక్క సెకను కూడా లేదు.