అదే టెన్సింగ్.. అదే ఎవరెస్ట్!

1952 మే 27 రాత్రి. ఎవరెస్ట్ మీద దాదాపు 8,400 మీటర్ల ఎత్తున చిన్న గుడారంలో ఇద్దరే ఉన్నారు. స్విట్జర్లాండ్‌ వాసి రేమండ్ లాంబెర్ట్, షెర్పా టెన్సింగ్ నార్గే. స్లీపింగ్ బ్యాగుల్లేవు, స్టవ్ లేదు. కొవ్వొత్తి మంట మీద మంచు కరిగించుకుని గొంతు తడుపుకొన్నారు. నిద్రపోతే ప్రాణం పోతుందని ఒకరినొకరు చరుచుకుంటూ తెల్లవార్లూ కూర్చున్నారు. మర్నాడు సుమారు 8,600 మీటర్ల దాకా వెళ్లి, ఇక అడుగు పడక వెనుదిరిగారు.

టెన్సింగ్‌కు ధైర్యం, అనుభవం కొదవ లేవు. 1935 నుంచే ఎవరెస్ట్ యాత్రల్లో ఉన్నాడు. కరవైనవి నీళ్లు, నిద్ర, ఆక్సిజన్. అంత ఎత్తులో గాలి చల్లగా, పొడిగా ఉంటుంది. రొప్పుతూ వదిలే ప్రతి శ్వాసతోనూ ఒంట్లో నీరు పోతుంది. చలికి దాహం తెలియదు. ఒళ్లు అలిసిపోతుంది, మెదడు మందగిస్తుంది.

ఆ ఏడాది చివర్లో మరోసారి స్విస్ బృందంతో వెళ్లి బరువు తగ్గి దిగొచ్చాడు. మలేరియాతో పట్నా ఆసుపత్రిలో చేరాడు. కోలుకున్నాక డార్జిలింగ్‌లో తెల్లవారుజామునే లేచి, సంచిలో రాళ్లు నింపుకుని కొండలెక్కి దిగేవాడు. మద్యం, సిగరెట్ల జోలికి పోలేదు.

1953 బ్రిటిష్ యాత్రలో గ్రిఫిత్ ప్యూ అనే శరీరధర్మ శాస్త్రవేత్త ఉన్నారు. రోజుకు సుమారు మూడు లీటర్ల ద్రవాలు తాగాలని, కొన్ని వారాల పాటు ఎత్తుకు అలవాటు పడాలని, ఆక్సిజన్ తగినంత ఉండాలని ఆయన పట్టుబట్టారు. మే 28 రాత్రి టెన్సింగ్, హిల్లరీ ఇంకా పైన, దాదాపు 8,500 మీటర్ల దగ్గర బస చేశారు. ఈసారి స్టవ్ ఉంది. వేడి నిమ్మరసం కడుపారా తాగారు, తిన్నారు, ఆక్సిజన్ పెట్టుకుని కొన్ని గంటలు నిద్రపోయారు. మర్నాడు ఉదయం 11.30కు శిఖరంపై నిలిచారు.

తర్వాత డార్జిలింగ్ పర్వతారోహణ సంస్థలో ఎందరికో శిక్షణ ఇచ్చిన టెన్సింగ్ 1986లో కన్నుమూశారు.

కేదార్‌నాథ్ కూడా 3,500 మీటర్లకు పైనే ఉంది. వెళ్లే ముందు కొన్ని వారాలు రోజూ నడవండి, మెట్లెక్కండి. గుండె జబ్బు, ఆస్తమా, మధుమేహం ఉంటే డాక్టర్‌ను కలవండి. 3,000 మీటర్లు దాటాక, రాత్రి బస చేసే ఎత్తును రోజుకు 500 మీటర్లకు మించి పెంచొద్దు. దాహం లేకున్నా నీళ్లు తాగుతుండండి. తలనొప్పి, వాంతులు మొదలైతే అక్కడే ఆగండి. అడుగు తడబడినా, మాట తికమకైనా, కూర్చున్నా ఆయాసం వస్తున్నా వెంటనే కిందికి దిగి వైద్యసాయం పొందండి. మొక్కు మళ్లీ తీర్చుకోవచ్చు. టెన్సింగ్ కూడా ఒకసారి వెనక్కి దిగాకే పైకెక్కారు.