మాక్స్ ఫ్లీషర్

మాక్స్ ఫ్లీషర్ (జూలై 19, 1883 - సెప్టెంబర్ 11, 1972) అమెరికాకు చెందిన సుప్రసిద్ధ యానిమేషన్ చిత్ర నిర్మాత, ఆవిష్కర్త. బెట్టీ బూప్ పాత్ర ఇతని స్టూడియోలోనే పుట్టింది. పపాయ్‌ను తొలిసారిగా తెరకెక్కించినది కూడా ఇతడే. ప్రేక్షకులచేత పాడించే లఘుచిత్రాలను రూపొందించి, యూదు, ఐరిష్ వలసదారుల సంగీత వినోదాలను ఒకే తెరపైకి తెచ్చాడు.

బాల్యం, తొలి కృషి

ఫ్లీషర్ అప్పటి ఆస్ట్రియా-హంగరీ సామ్రాజ్యంలోని క్రాకోవ్ నగరంలో ఒక యూదు కుటుంబంలో జన్మించాడు. తండ్రి దర్జీ. 1887లో ఈ కుటుంబం న్యూయార్క్‌కు వలస వచ్చి, తరువాత బ్రూక్లిన్‌లోని బ్రౌన్స్‌విల్‌లో నివసించింది. మాక్స్ పత్రికలలో చిత్రకారునిగా పనిచేశాడు. నటుల కదలికలను చిత్రీకరించి, ఒక్కొక్క ఫ్రేమునూ బొమ్మగా గీసేందుకు వీలు కల్పించే రోటోస్కోప్ అనే యంత్రానికి 1917లో పేటెంటు పొందాడు. 1921లో తమ్ముడు డేవ్‌తో కలసి సొంత స్టూడియో స్థాపించాడు. మరో సోదరుడు లూ సంగీత విభాగాన్ని చూసుకునేవాడు.

ఎగిరే బంతి పాటలు

అంతకు ముందు సినిమా హాళ్ళలో గాజు పలకలపై బొమ్మలు చూపి ప్రేక్షకులచేత పాటలు పాడించేవారు. కాని అందరూ ఒకే లయలో పాడడం కష్టమయ్యేది. 1924లో ప్రారంభమైన కోకో సాంగ్ కార్-ట్యూన్స్ చిత్రాలలో ఒక తెల్లని బంతి అక్షరం నుండి అక్షరానికి ఎగురుతూ తాళం చూపేది. వీటిలో కొన్నింటికి లీ డి ఫారెస్ట్ ఫోనోఫిల్మ్ పద్ధతిలో శబ్దాన్ని జతచేశారు. ఆ విధంగా డిస్నీ వారి స్టీమ్‌బోట్ విల్లీ (1928) కంటే ముందే శబ్దంతో కూడిన కార్టూన్లు వెలువడ్డాయి.

యూదు, ఐరిష్ సంగీతం

హ్యాజ్ ఎనీబడీ హియర్ సీన్ కెల్లీ అనే పాట బ్రిటన్‌లో పుట్టింది. అమెరికాలో అది న్యూయార్క్‌లో తప్పిపోయిన ఐరిష్ వ్యక్తి పాటగా మారింది. దానికి అక్కడ పేరు తెచ్చిన గాయని నోరా బేయస్ యూదు స్త్రీ. 1926లో ఫ్లీషర్ ఈ పాటను బంతి చిత్రంగా తీశాడు. 1929లో మొదలైన స్క్రీన్ సాంగ్స్ వరుసలో తొలి చిత్రం ద సైడ్‌వాక్స్ ఆఫ్ న్యూయార్క్. డబ్లిన్‌లో పుట్టిన చార్లెస్ లాలర్ 1894లో ఆ పాటకు బాణీ కట్టాడు. స్టాపింగ్ ద షో (1932) చిత్రంలో బెట్టీ బూప్ యూదు హాస్యనటి ఫ్యానీ బ్రైస్‌ను అనుకరిస్తూ పాడుతుంది.

చివరి రోజులు

1938లో స్టూడియో మయామీకి తరలింది. ఆర్థిక ఇబ్బందుల నడుమ 1941లో అది పారామౌంట్ సంస్థ వశమైంది. సోదరులిద్దరూ స్టూడియోకు దూరమయ్యారు. తరువాత పాత చిత్రాలు టెలివిజన్‌కు అమ్ముడుపోయినప్పుడు వాటినుండి ఫ్లీషర్ పేరును తొలగించారు. దానిపై 1950వ దశకంలో ఇతడు వేసిన దావా ఓడిపోయింది. 1972లో కాలిఫోర్నియాలోని వుడ్‌లాండ్ హిల్స్‌లో 89వ ఏట మరణించాడు. ఇతని బంతి చేసిన పనినే నేటి కరావోకే తెరలపై రంగు మారే అక్షరాలు చేస్తున్నాయి.